కఱవునాటి గంజిగుండిగలు

కఱవుల చరిత్ర వ్రాసినవారు వానలను గూర్చియు, చెఱువులను గూర్చియు, శిస్తులను గూర్చియు విరివిగా వ్రాసియున్నారు. నేను మీకు వంటను గూర్చి చెప్పదలచితిని. ఇల్లాలు నలుగురికి వండుట వేఱు. వేయిమంది ఆకలితో వచ్చి బారులు తీరినప్పుడు వారందఱికి ఒక్కసారి వండుట వేఱు. ఈ రెండవ వంటను మా అనంతపురసీమ కఱవులవలన నేర్చుకొన్నది. గుండిగలో ఏమి వండిరి, ఎంత వడ్డించిరి, ఎవరు ఎవరి సరసను కూర్చుండి త్రాగిరి అను మూడు ప్రశ్నలలో ఈ సీమ చరిత్ర చాలవఱకు ఇమిడియున్నది.

నైరుతి మేఘములను పడమటి కనుమలు అడ్డగించును. తూర్పు సముద్రము దూరము. కావున ఇచట ఏటికి సుమారు 550 మిల్లీమీటర్ల వానయే కురియును. అదియు అదను తప్పెనా, పంట లేదు. అందుచేతనే జొన్న, కొఱ్ఱ, రాగి ఈ నేలకు ఆధారములైనవి. జొన్నరొట్టెయు, రాగిసంగటియు ఇంటింటి భోజనములైనవి.

మఱి కఱవునాడు రొట్టె పెట్టక గంజి ఏల పోసిరి? దీనికి మూడు కారణములు కలవు. జొన్నపిండికి గోధుమపిండివలె సాగెడి జిగి లేదు. వేడినీటితో కలిపి, ఒక్కొక్క రొట్టెను చేతితో తట్టి, ఒక్కొక్కటిగా పెనముమీద కాల్చవలెను. ఐదువందలమందికి తలకు రెండు చొప్పున వేయి రొట్టెలు కావలెను. అన్ని చేతులు, అన్ని పెనములు, అంత వంటచెఱకు కఱవునాడు దొరకునా? గంజికి ఒక పెద్ద గుండిగ, ఒక పొయ్యి, ఒక తెడ్డు చాలును. ఇది మొదటి కారణము. రెండవది, ధాన్యము చేతికిచ్చినచో అది దారిలో చేతులు మారవచ్చును. వండిన గంజి ఆకలిగొన్నవాని కడుపులోనికే పోవును. మూడవది అన్నిటికంటె ముఖ్యము. దినములతరబడి పస్తున్నవానికి ఒక్కమాఱుగా కడుపునిండ పెట్టుట ప్రమాదకరము. రక్తములోని లవణముల సమతూకము చెడి ప్రాణమే పోవచ్చును. కొంచెము కొంచెముగా, పలుచనిది మొదలుకొని చిక్కనిదానికి రావలెను.

ఇక కొలత మాట. 1876లో వానలు తప్పినవి. అది ధాత సంవత్సరము. అందుచేత పెద్దలు దానిని ధాతకఱవు అందురు. అప్పటికి అనంతపురము ప్రత్యేక జిల్లా కాదు, బళ్లారి జిల్లాలోని భాగము; 1882లో వేఱుపడెను. వైస్రాయి లిట్టన్ ప్రభువు 1877 జనవరిలో సర్ రిచర్డు టెంపుల్‌ను మద్రాసు రాజధానికి పంపెను. ఈ టెంపుల్ 1874లో బీహారు కఱవునందు బర్మానుండి బియ్యము తెప్పించి పెక్కుమందిని కాపాడినవాడు. అందుకు మెప్పు రాలేదు. అతివ్యయమను నింద వచ్చెను. ఆ నింద పడినవాడు ఈమాఱు బిగపట్టెను. కఱవుపనులలో రాళ్లు కొట్టి మట్టి మోయు మగవానికి దినమునకు ఒక పౌను ధాన్యము, అనగా సుమారు 450 గ్రాములు, దానిపై ఒక అణా చాలునని నిర్ణయించెను. స్త్రీలకును, పనిచేయు పిల్లలకును ఇంకను తక్కువ.

మద్రాసు ఆరోగ్యశాఖాధికారియగు డాక్టరు కార్నిష్ దీనిని ఎదిరించెను. ఒకటిన్నర పౌను ధాన్యమును, దానితో కూరగాయలును, పప్పును లేనిదే పనిచేయు దేహము నిలువదని వాదించెను. వాదము ఫలించి 1877లోనే ధాన్యమును పౌనుంబాతికకు పెంచి, ఒకటిన్నర ఔన్సు పప్పును చేర్చిరి. ఈ వివాదము కూలిని గూర్చినదే యైనను, మనిషికి ఎంత తిండి చాలునను ప్రశ్నకు ఖజానా ఒక సమాధానమును, వైద్యశాస్త్రము మఱియొక సమాధానమును చెప్పెనని మనము గుర్తింపవలెను. ఆ రెండింటి నడుమ లక్షలాది ప్రాణములు వ్రేలాడినవి. బ్రిటిషు పాలిత ప్రాంతములలోనే సుమారు 55 లక్షలమంది మరణించిరని అంచనా.

దేశములో తిండి లేకపోలేదు. 1871 నాటికే తాడిపత్రి, గుత్తి మీదుగా రాయచూరువఱకు రైలుమార్గము పడినది. కఱవు కాలముననే ఇంగ్లండునకు సుమారు 3,20,000 టన్నుల గోధుమలు ఎగుమతియైనవి. బండి యున్నను, ధాన్యమున్నను, కొనుటకు పేదవానిచేత పైకము లేదు.

మూడవ ప్రశ్న పంక్తిని గూర్చినది. పనిచేయలేని ముసలివారికి, రోగులకు, పిల్లలకు శిబిరములలో వండిపెట్టిరి. ఇతరులు వండిన కూడు ముట్టుటకంటె పస్తుండుటయే మేలని తలచినవారు పలువురుండిరి. కులము ఆకలికంటె బలమైనదిగా నిలిచిన సందర్భమది. గంజి కాచినంతమాత్రమున చాలదు, దానిని త్రాగువాని మానమునుగూడ కాపాడవలెనని దీనివలన తెలియుచున్నది. 1880 నాటి కఱవు సంఘము విచారణ జరిపినపిమ్మట, 1883లో కఱవు నిబంధనావళి ఏర్పడెను.

తరువాతి పెద్ద పరీక్ష 1952లో వచ్చినది. రాజగోపాలాచారిగారు మద్రాసు ముఖ్యమంత్రిగా నుండిరి. రాయలసీమయందు గంజికేంద్రములు తెఱచిరి. సైనికులును సహాయమునకు వచ్చిరి. అందుచేతనే దానికి గంజికఱవు అను పేరు నిలిచినది. కఱవును సంవత్సరము పేరుతో పిలిచిన జనులు ఈమాఱు దానిని తమకు పోసిన తిండిపేరుతో పిలిచిరి. ఆ పేరులో కృతజ్ఞతయు కలదు, చేయి చాచవలసివచ్చిన బాధయు కలదు.

ఆ బాధను తీర్చు మార్పు 2001 నవంబరు 28న వచ్చినది. ప్రభుత్వ పాఠశాలలలో పిల్లలకు వండిన మధ్యాహ్నభోజనము పెట్టవలెనని సుప్రీముకోర్టు ఆజ్ఞాపించెను. మన రాష్ట్రమున 2003 జనవరినుండి అది ప్రారంభమైనది. ప్రాథమిక తరగతుల బిడ్డకు 100 గ్రాముల ధాన్యము, 20 గ్రాముల పప్పు అని కొలత ఏర్పఱచిరి. కార్నిష్ అడిగిన పప్పు ఇప్పుడు హక్కుగా పళ్లెములో పడినది. 2023 మార్చిలో బడిపిల్లలకు రాగిజావ పోయుటయు మొదలైనది. పోసినది జావయే; కాని పుచ్చుకొనిన బిడ్డ యాచకుడు కాడు.

2020 జనవరిలో తాడిపత్రినుండి అరటిపండ్లతో నిండిన ప్రత్యేక రైలు విదేశపు ఎగుమతికై బొంబాయి రేవునకు పోయినది. బిందుసేద్యము ఎఱిగిన రైతు ఈ నేలపై అరటినిగూడ పండించి చూపెను. ఇది సంతోషింపదగినదే. కాని పండ్లు పోవు సీమలో బిడ్డలు పస్తుండరాదను పాఠమును ఆ పట్టాలే మనకు 1877లో నేర్పినవి.

గ్రామపెద్దలకు నా మనవి యొక్కటే. పెద్దగుండిగలో చిక్కనిది అడుగున నిలుచును, పలుచనిది పైన తేలును. తెడ్డు అడుగునంటకున్న ముందు వచ్చినవానికి నీళ్లు, వెనుక వచ్చినవానికి మడ్డి దక్కును. కాగితముమీది కొలత ఎంత మంచిదైనను, గరిటెలోనికి రాకున్న వ్యర్థము. మధ్యాహ్నవేళ మీ యూరి బడికి పోయి, వంట చేయు తల్లులను పలుకరించి, బిడ్డలందఱు ఒకే పంక్తిని కూర్చుండిరా, పప్పు అడుగునుండి వచ్చుచున్నదా అని చూడుడు. ధాతకఱవున చచ్చినవారికి మనము చేయగల తర్పణము అదియే.