ఉప్పుగాలిలో పాటపెట్టె

మా అత్తగారి ఊరు కృష్ణపట్నం. సముద్రం ఒడ్డున కాపురమంటే తుప్పుతో నిత్యం తగవే. తలుపు గొళ్లెం మొదలు కుట్టుమిషను దాకా ఏదీ దాన్నుంచి తప్పించుకోలేదు. అలాంటి ఇంట్లో మామయ్యగారు 1974లో కొన్న స్టీరియో ఇంకా పాడుతోందంటే అది అత్తయ్య చేతిలోని పాత చీరముక్క మహిమ. రోజూ దుమ్ము తుడిచి, మూత వేసి, పైన దుప్పటి కప్పందే ఆవిడకు నిద్ర పట్టదు.

ఆ పనిలో నేను వేలు పెట్టాను. అత్తయ్య పుట్టింటి నుంచి తెచ్చుకున్న 78 స్పీడు ప్లేట్లు ఓ డజను ఉన్నాయి. బూజు పట్టిందని ఒకదాన్ని స్పిరిట్‌తో తుడిచాను. దూది నల్లబడింది. ఎంత మురికో అని సంబరపడి మరీ రుద్దాను. తీరా చూస్తే అది మురికి కాదు, ప్లేటే! సూది పెడితే పాటకు బదులు వేరుశనక్కాయలు వేయిస్తున్న చప్పుడు.

బి.ఏ.లో చరిత్ర చదివానన్న మాటే గానీ, ఈ ప్లేటు చరిత్ర అప్పటిదాకా నాకు పట్టలేదు. దాని ప్రాణం లక్క. మోదుగ, రేగు కొమ్మల మీద పురుగులు పెట్టే లక్క, మన గాజుల్లో వాడే లక్క. దానికి రాతిపొడి, మసి కలిపి అచ్చు వేసేవారు. స్పిరిట్ తగిలితే కరిగిపోతుంది. లక్క ఇంట్లోంచి పాండవులు బయటపడ్డారు గానీ నా చేతిలోంచి పాట బయటపడలేదు. 1902లో గౌహర్ జాన్ కలకత్తాలో పాడితే ఆ ప్లేట్లు జర్మనీలో అచ్చయి వచ్చాయి. కలకత్తాలో ఫ్యాక్టరీ పెట్టింది 1908లో.

ఇక కీ ఇచ్చే గ్రామఫోనుకు కంఠం ఏదనుకున్నారు? సౌండుబాక్సులోని పల్చటి అభ్రకపు బిళ్ల! మా గూడూరు, సైదాపురం గనుల్లో తవ్వి విదేశాలకు పంపిన అభ్రకం సంగతి నెల్లూరు వాళ్లకు కొత్త కాదు. అది పాటలకు కూడా పనికొచ్చిందని మాత్రం నాకిప్పుడే తెలిసింది.

స్టీరియో కథలో ఓ కాబోయే ఇల్లాలు కూడా ఉంది. ఇంగ్లండులో బ్లమ్‌లైన్ అనే ఇంజనీరు కాబోయే భార్యతో సినిమాకెళ్లి, తెర మీద మనిషి ఒకవైపు, గొంతు మరోవైపు వినిపించడం చూసి, దీనికి ఉపాయం ఉందని ఆవిడతో అన్నాడట. 1931లో పేటెంటుకు దరఖాస్తు పెట్టాడు. స్టీరియో రికార్డులు బజారుకెక్కేసరికి 1958 వచ్చింది.

మీ ఇంట్లోనూ అలాంటి పెట్టె ఉంటే నా మాట వినండి. లక్క ప్లేట్లకు స్పిరిట్ వద్దు, చల్లటి నీళ్లలో ఒక్క చుక్క సబ్బు చాలు, మధ్య కాగితం తడవనీయకండి. ప్లేట్లను ఒకదాని మీద ఒకటి పేర్చకుండా పుస్తకాల్లా నిలబెట్టండి. సూదిని 78కి ఒకవైపు, ఎల్పీకి ఒకవైపు తిప్పే మీట ఉంటుంది, అది మరిచిపోతే ప్లేటుకే నష్టం. రబ్బరు బెల్టు సాగితే పాట నీరసపడుతుంది. మాకు ఉప్పుగాలి వల్ల వాల్యూము తిప్పినప్పుడల్లా కరకర. వారం పది రోజులకోసారి పెట్టెను కాసేపు వాడుతూ ఉండాలి, వాడకపోతేనే త్వరగా చెడుతుంది.

పాడైన ప్లేటు సంగతి రెండురోజులు దాచాను. మూడోనాడు ఏడుపు గొంతుతో చెప్పేశాను. అత్తయ్య దాన్ని వెలుతురుకు ఎత్తి చూసి, "ఏందమ్మాయ్, ఒక పక్కే గదా రుద్దినావు?" అన్నారు. రెండో పక్కకు తిప్పి, పమిటచెంగుతో తుడిచి, సూదిమీట తిప్పమన్నారు.