ఇంట్లోకి మురుగు ఎదురుతన్నితే: శుభ్రం చేసే వరుస, తీసుకోవాల్సిన జాగ్రత్తలు

వానాకాలంలో పొలం మునిగితే పంట గురించి ఆలోచిస్తాం. ఇల్లు మునిగితే నీరు తీసిన వెంటనే నేల కడిగి, కాస్త బ్లీచింగ్ పౌడరు చల్లి లోపలికి వెళ్లిపోతాం. ఇంట్లోకి వచ్చింది వాన నీరు మాత్రమే కాకుండా మరుగుదొడ్డి గుంత నుంచి ఎదురుతన్నిన మురుగు కూడా అయితే ఈ పద్ధతి చాలదు. 2022 జులైలో భద్రాచలం వద్ద గోదావరి 71 అడుగులు దాటినప్పుడు, 2024 సెప్టెంబరులో ఖమ్మంలో మున్నేరు, విజయవాడలో బుడమేరు పొంగినప్పుడు వేలాది ఇళ్లలోకి వరద, మురుగు కలిసే వచ్చాయి. అంత పెద్ద వరద లేకున్నా, నాలుగు రోజులు ముసురు పట్టి భూమిలో నీటిమట్టం పైకి వస్తే ఒరల గుంతలు నిండి బేసిన్ నుంచి మురుగు పైకి తన్నుతుంది.

ఈ పనిలో గుర్తుంచుకోవాల్సిన ముఖ్యమైన మాట ఒకటుంది. బురద మీద చల్లిన బ్లీచింగ్ పౌడరు వృథా. అందులోని క్లోరిన్ మట్టి, మలం, పేడ వంటి వాటితో కలిసి అక్కడే ఖర్చయిపోతుంది, క్రిములను చంపడానికి మిగలదు. కాబట్టి ముందు బురద తీయాలి, తర్వాత సబ్బు నీళ్లతో రుద్ది కడగాలి, ఆ తర్వాతే బ్లీచింగ్ నీళ్లు వాడాలి, చివరగా ఆరబెట్టాలి. ఈ వరుస తప్పకూడదు.

లోపలికి వెళ్లే ముందు

• మెయిన్ స్విచ్ ఉన్న చోట నేల పొడిగా ఉంటేనే దాన్ని ఆపాలి. నీటిలో నిలబడి స్విచ్ బోర్డు, ఫ్రిజ్, మోటారు స్టార్టర్ ముట్టుకోకూడదు. లైన్‌మన్‌కు చెప్పండి, లేదా 1912కు ఫోన్ చేయండి.

• గ్యాస్ వాసన వస్తే అగ్గిపుల్ల గీయకూడదు, లైటు వేయకూడదు. తలుపులు, కిటికీలు తెరిచి బయటికి వచ్చేయాలి.

• వరద తర్వాత పాములు, తేళ్లు మూలల్లో, బస్తాల కింద, మంచాల కింద చేరతాయి. చేయి పెట్టే ముందు కర్రతో కదిలించి చూడాలి.

• ఏదీ కదపక ముందే ప్రతి గదినీ, తడిసిన బస్తాలనూ, గోడ మీద నీటి గీతనూ ఫోన్‌తో ఫొటోలు తీసుకోవాలి. రెవెన్యూ సిబ్బంది నష్టం రాసుకోవడానికి వచ్చినప్పుడు ఇవి ఉపయోగపడతాయి.

• చిన్న పిల్లలు, గర్భిణులు, ముసలివారు, చక్కెర జబ్బు ఉన్నవారు ఈ పనికి దూరంగా ఉండాలి. మురుగు నీటి ద్వారా వచ్చే ఒక రకం కామెర్లు గర్భిణులకు ప్రాణాంతకం కావచ్చు.

ఒంటికి రక్షణ

గమ్ బూట్లు, మోచేతుల వరకు వచ్చే రబ్బరు గ్లౌజులు, ముక్కు, నోటికి మాస్కు లేదా మందపాటి గుడ్డ తప్పనిసరి. బూట్లు లేకుంటే చెప్పుల మీద మందపాటి పాలిథిన్ సంచులు కట్టుకోవచ్చు, కానీ మేకులు, గాజు పెంకులు ఉంటే అవి ఆపవు. కాళ్ల పగుళ్లు, చేతి గాయాలు ఉంటే నీరు చొరని పట్టీ వేసుకోవాలి. పని మధ్యలో బీడీ, తంబాకు, టీ వద్దు. చేతి నుంచి నోటికి చేరడమే మురుగు రోగాలకు మొదటి దారి. పని అయ్యాక బట్టలు విడిగా వేడి నీళ్లలో ఉతికి ఎండలో ఆరేయాలి, సబ్బుతో స్నానం చేయాలి.

బ్లీచింగ్ పౌడరు: కొలత, జాగ్రత్త

మంచి బ్లీచింగ్ పౌడరులో 30 శాతం పైన క్లోరిన్ ఉంటుంది. సంచి తెరిచి ఉంచితే, తేమ తగిలితే బలం తగ్గుతుంది. గడ్డకట్టి, ఘాటు వాసన పోయిన పౌడరును నమ్మకూడదు.

నేల, గోడలు, మరుగుదొడ్డి కోసం: 10 లీటర్ల బకెట్ నీటికి 150 గ్రాములు. కిరాణా కొట్టులో ఒకసారి తూకం వేయించి, పాత గ్లాసు మీద ఎంత వరకు వచ్చిందో గీత పెట్టుకుంటే ప్రతిసారీ తూచే పని ఉండదు. ఆ గ్లాసును మరి దేనికీ వాడకూడదు. కలిపాక 10 నిమిషాలు ఉంచితే సున్నం అడుగుకు దిగుతుంది, పైన తేరిన నీటిని వాడాలి. ఏ రోజుకు కావలసింది ఆ రోజే కలుపుకోవాలి.

ఈ పొరపాట్లు చేయకూడదు:

• బ్లీచింగ్‌ను యాసిడ్‌తో గానీ, మరుగుదొడ్డి కడిగే మందులతో గానీ, ఫినాయిల్‌తో గానీ కలపకూడదు. యాసిడ్‌తో కలిస్తే వెలువడే వాయువు ఊపిరితిత్తులను దెబ్బతీస్తుంది.

• యూరియా, అమ్మోనియం సల్ఫేట్ వంటి ఎరువులు, పురుగు మందులు, డీజిల్ పక్కన బ్లీచింగ్ సంచి పెట్టకూడదు. తడిసి ఒకదానితో ఒకటి కలిస్తే విష వాయువులు రావచ్చు, మంటలు కూడా రేగవచ్చు.

• పొలంలో మందు కొట్టే స్ప్రేయరుతో ఇంట్లో బ్లీచింగ్ నీళ్లు చల్లకూడదు. ట్యాంకులో, గొట్టంలో మిగిలిన పురుగు మందు గోడలకు, గిన్నెలకు అంటుతుంది. మగ్గుతో పోసి చీపురుతో పరచడమే మంచిది.

• ఈగలు ఎక్కువయ్యాయని పంట మందులు ఇంట్లో కొట్టకూడదు.

గదుల శుభ్రత

1. పార, రేకు ముక్కతో బురద ఎత్తి, ఇంటికీ బావికీ దూరంగా గుంత తీసి అందులో వేసి, మట్టి కప్పాలి. మురుగు నీటిని వీధిలోకి, చెరువులోకి తోయకూడదు.

2. పైనుంచి కిందికి, లోపలి గది నుంచి వాకిలి వైపు సబ్బు నీళ్లతో రుద్ది కడగాలి. గోడలను నీటి గీత కంటే ఒక అడుగు ఎత్తు వరకు కడగాలి.

3. కడిగిన నీరు బురద రంగు లేకుండా వచ్చాకే బ్లీచింగ్ నీళ్లు పోసి 20 నిమిషాలు తడిగా ఉంచాలి. ఆ తర్వాత మంచి నీటితో కడగాలి.

4. తలుపులు, కిటికీలు తెరిచి పూర్తిగా ఆరనివ్వాలి. ఫ్యాన్లు ఎలక్ట్రీషియన్ చూసిన తర్వాతే వేయాలి. నేల ఆరే వరకు పాకే పిల్లలను దించకూడదు.

మట్టి నేల అయితే పై పొర రెండు అంగుళాలు చెక్కి తీసేసి, సున్నం చల్లి, ఎండాక కొత్త మట్టి వేసుకోవాలి. చాలా ఇళ్లలో వెంటనే పేడతో అలుకుతారు. ఇల్లు పూర్తిగా ఆరే వరకు అలకడం ఆపండి. పేడ బ్లీచింగ్ బలాన్ని తినేస్తుంది, కింద తేమను కూడా పట్టి ఉంచుతుంది.

ఏవి ఉంచాలి, ఏవి పారేయాలి

స్టీలు, ఇత్తడి గిన్నెలు సబ్బుతో తోమి, మరిగే నీటిలో 10 నిమిషాలు ఉంచితే వాడుకోవచ్చు. రోలు, సన్నికల్లు రుద్ది కడిగి, సలసల కాగే నీళ్లు పోసి, రెండు రోజులు ఎండలో పెట్టాలి. చీరలు, దుప్పట్లు వేడి నీళ్లలో ఉతికి ఎండలో ఆరేస్తే సరిపోతుంది. మురుగు పీల్చిన దూది పరుపులు, దిండ్లు, బొంతలు ఎంత ఎండబెట్టినా లోపల శుభ్రపడవు, వాటిని వదులుకోవాలి. పాల సీసాల రబ్బరు పీకలు, చెక్క కూరగాయల పీట, మునిగిన మందు బిళ్లలు కూడా పారేయాలి. గుడ్డ కట్టిన పచ్చడి జాడీ మునిగితే పచ్చడి పారబోయాలి.

పట్టాదారు పాసు పుస్తకం, బ్యాంకు పుస్తకం తడిస్తే బ్లీచింగ్ తగలనీయకుండా, పేజీల మధ్య పొడి కాగితం పెట్టి నీడలో ఆరబెట్టాలి.

ధాన్యం, విత్తనం, మేత

రైతు ఇంట్లో అన్నిటికంటే కష్టమైన నిర్ణయం ఇదే. ఏడాది తిండి గింజల మీద ఆశ వదులుకోవడం ఎవరికీ ఇష్టం ఉండదు. కానీ మురుగులో నానిన బియ్యం, పప్పులు, పిండి కడిగి తినడం మంచిది కాదు. నీరు గింజ లోపలికి దిగుతుంది, పైన కడిగితే పోదు. నానిన గింజలో బూజు పట్టి అఫ్లటాక్సిన్ అనే విషం తయారు కావచ్చు. వండినా అది పోదు. పశువులకు, కోళ్లకు పెట్టినా నష్టమే.

అలాగని అంతా పారేయక్కర్లేదు. బస్తాలను వరుసల వారీగా దించి, అడుగు వరుసను వేరు చేయండి. గోనె సంచి తడిని పైకి పీలుస్తుంది కాబట్టి పైన ఉన్న ప్రతి బస్తానూ విప్పి చేయి పెట్టి చూడండి. పొడిగా, వాసన లేకుండా ఉన్న ధాన్యాన్ని కొత్త సంచుల్లోకి మార్చి, పరదాల మీద పలుచగా ఆరబోసి, తేమ 14 శాతం మించకుండా చూసి నిల్వ చేసుకోండి. నానిన ధాన్యాన్ని కంపోస్టు గుంతలో వేసి మట్టి కప్పవచ్చు. నానిన విత్తనం మొలకశాతం నమ్మకంగా ఉండదు, దాని మీద సాగు పెట్టుబడి పెట్టకూడదు.

మురుగు తాకిన పెరటి ఆకుకూరలు, కొత్తిమీర, టమాటాలు తినకూడదు. గడ్డివాము అడుగున తడిసి బూజు పట్టిన గడ్డి పశువులకు వేయకూడదు. నీటి తొట్టి ఖాళీ చేసి, కడిగి, బ్లీచింగ్ నీళ్లు పోసి, మళ్లీ మంచి నీటితో కడిగాకే నింపాలి. పశువులకు జ్వరం, విరేచనాలు కనిపిస్తే 1962కు ఫోన్ చేయవచ్చు.

తాగునీరు, బావి

బావి గట్టు మునిగినా, బోరు కేసింగ్ మీదుగా మురుగు పోయినా ఆ నీరు తాగకూడదు. అప్పటివరకు ట్యాంకరు నీరైనా సరే వడకట్టి, కళపెళ మరగడం మొదలయ్యాక కనీసం ఒక నిమిషం మరిగించి తాగాలి. అయితే పురుగు మందు డబ్బాలు పగిలి నీటిలో కలిశాయని అనుమానం ఉంటే మరిగించినా లాభం లేదు, ఆ నీటిని అసలు ముట్టుకోకూడదు.

బావిని శుద్ధి చేసే పద్ధతి:

• ముందుగా మురికి నీటిని తోడాలి. చుట్టూ నేల నాని ఉంటే, ఒరలు కదిలి ఉంటే బావిని పూర్తిగా ఖాళీ చేయకూడదు, గోడ కూలే ప్రమాదం ఉంది. డీజిల్ ఇంజన్‌ను బావిలోకి దించకూడదు, పొగతో మనిషి చనిపోవచ్చు.

• నీటి పరిమాణం లెక్క: బావి వెడల్పును మీటర్లలో కొలిచి, అదే అంకెతో గుణించాలి. దాన్ని నీటి లోతుతో, తర్వాత 785తో గుణిస్తే లీటర్లు వస్తాయి. 3 మీటర్ల వెడల్పు, 4 మీటర్ల నీరు ఉంటే సుమారు 28 వేల లీటర్లు.

• మొదటి శుద్ధికి వెయ్యి లీటర్లకు 150 గ్రాముల చొప్పున, అంటే ఈ బావికి సుమారు 4 కిలోల 200 గ్రాముల పౌడరు. బకెట్‌కు అర కిలో మించకుండా కలిపి, తేరిన నీటిని బావిలో పోసి, చేదతో కలియబెట్టాలి. ఒక రోజు ఎవరూ వాడకుండా మూసి, తర్వాత ఘాటు వాసన తగ్గే వరకు తోడి పారబోయాలి. ఆ నీరు చెరువులోకి, చేపల గుంటలోకి పోకుండా చూడాలి.

• ఆ తర్వాత మామూలు మోతాదు వెయ్యి లీటర్లకు 2.5 గ్రాములు, ఈ బావికి 70 గ్రాములు. వేసిన గంట తర్వాత నీరు వాడుకోవచ్చు. తాగే ముందు పంచాయతీ ద్వారా గ్రామీణ నీటి సరఫరా శాఖతో పరీక్ష చేయించండి.

సెప్టిక్ ట్యాంకు జోలికి వెళ్లకండి

గుంత నిండిందని మూత తీసి లోపలికి దిగడం, తల పెట్టి చూడడం ప్రాణాలకు ముప్పు. లోపలి వాయువులు ఒకటి రెండు శ్వాసల్లోనే మనిషిని పడేస్తాయి. కాపాడబోయిన రెండో మనిషి కూడా అలాగే పోతాడు. కూలీలను దించడమూ నేరమే. రక్షణ లేకుండా సెప్టిక్ ట్యాంకుల్లోకి మనుషులను దించడాన్ని 2013 చట్టం నిషేధించింది. ఇలాంటి పనిలో చనిపోయిన వారి కుటుంబానికి 30 లక్షల రూపాయల పరిహారం ఇవ్వాలని సుప్రీంకోర్టు 2023 అక్టోబరులో ఆదేశించింది. యంత్రం ఉన్న ట్యాంకరునే పిలవాలి.

ట్యాంకరును కూడా నేల ఆరాకే పిలవండి. చుట్టూ నీరు ఉబికి ఉన్నప్పుడు ఖాళీ చేస్తే ఒరలు కూలవచ్చు, ట్యాంకు పైకి తేలవచ్చు. తోడిన మురుగు కూరగాయల మడుల్లో పోయించకండి. నీరు తగ్గే వరకు ఆ మరుగుదొడ్డి వాడకుండా, స్నానం నీరు కూడా అందులోకి పోకుండా చూడాలి. వరద హెచ్చరిక వచ్చినప్పుడే బేసిన్‌లో ఇసుక నింపిన సంచి గట్టిగా పెడితే ఎదురుతన్నడం కొంత తగ్గుతుంది. కొత్త గుంత తీసేటప్పుడు బావికి కనీసం 15 మీటర్ల దూరం ఉంచి, మూతను వరద నీటి గీత కంటే ఎత్తులో కట్టుకోవాలి.

రెండు మూడు వారాలు ఆరోగ్యం గమనించండి

నీళ్ల విరేచనాలు మొదలైతే లీటరు నీటిలో ఒక ఓఆర్ఎస్ ప్యాకెట్ కలిపి పట్టించాలి. పిల్లలకు ఆశ కార్యకర్త ఇచ్చే జింకు బిళ్లలు 14 రోజులు వేయాలి. విరేచనంలో రక్తం పడినా, పిల్లలు మూత్రం పోయకున్నా వెంటనే ఆసుపత్రికి తీసుకెళ్లాలి.

మురుగులో పని చేసిన 5 నుంచి 14 రోజుల్లో జ్వరం, పిక్కల్లో తీవ్రమైన నొప్పి, కళ్లు ఎర్రబడడం కనిపిస్తే ఎలుక జ్వరం కావచ్చు. ఎలుక మూత్రం కలిసిన నీరు కాళ్ల పగుళ్ల ద్వారా సోకి ఇది వస్తుంది. ఆలస్యమైతే కామెర్లు వచ్చి మూత్రపిండాలు దెబ్బతింటాయి. డాక్టరుకు జ్వరం ఒక్కటే కాకుండా "మురుగు నీటిలో పని చేశాను" అని కూడా చెప్పాలి. ఆ ఒక్క మాటతో సరైన మందు త్వరగా అందుతుంది. మేకు గుచ్చుకున్నా, గాయమైనా ధనుర్వాతం టీకా గురించి ప్రాథమిక ఆరోగ్య కేంద్రంలో అడగండి. అత్యవసరానికి 108, ఆరోగ్య సలహాకు 104 నంబర్లకు ఫోన్ చేయవచ్చు.