నల్ల లావా, తెల్ల పగడం: కోనానే కథ

హవాయి దీవుల్లో లావా పారి గట్టిపడిన నల్ల బండల మీద అక్కడక్కడా వరుసలుగా తొలిచిన చిన్న చిన్న గుంటలు కనిపిస్తాయి. అవి కోనానే ఆట పలకలు. పలకను ‘పపమూ’ అంటారు. దీనికి ఇన్నే గుంటలుండాలన్న లెక్కేమీ లేదు. కెప్టెన్ కుక్ ఓడల్లో 1779లో అక్కడున్న జేమ్స్ కింగ్ తాను చూసిన పలకలో వరుసకు 14 చొప్పున 238 గళ్ళున్నాయని రాశాడు. మొదటి కమెహమెహా రాజు ఈ ఆటలో దిట్ట అని ప్రతీతి.

పావులు తీరం ఇచ్చినవే: నల్లవి లావా గులకరాళ్ళు, తెల్లవి పగడపు ముక్కలు. మొదట పలకంతా ఒకటి నల్లది, ఒకటి తెల్లది చొప్పున నింపేస్తారు. నల్లరాళ్ళవాడు మధ్యలోదో మూలదో ఒక రాయి తీసేస్తాడు. తెల్లరాళ్ళవాడు ఆ ఖాళీ పక్కనున్న తనదొకటి తీస్తాడు. అక్కణ్ణుంచి పులిమేకలో పులి దూకినట్టు, ఎదుటివాడి రాయి మీదుగా ఖాళీలోకి దూకి ఆ రాయిని తీసెయ్యాలి. ఐమూలగా దూకకూడదు. దారి ఉంటే ఒకే దిక్కున వరసగా రెండు మూడు దూకులు వెయ్యొచ్చు. ఎత్తు వెయ్యడానికి దారి లేనివాడు ఓడినట్టే. ఎన్ని రాళ్ళు గెలిచామన్నది లెక్కలోకే రాదు. నాకు ఈ ఆటలో అన్నిటికన్నా నచ్చింది ఇదే. చేజిక్కిన రాయినల్లా తీసుకుంటూ పోతే చివరికి తన దారే మూసుకుపోవచ్చు. ఎత్తులను దాచుకోవడం తెలియాలి. నేటి గణితజ్ఞులు సైతం దీన్ని శ్రద్ధగా పరిశీలిస్తున్నారు.

కమెహమెహా 1819లో చనిపోయాడు. అదే ఏడు పాత కట్టుబాట్లు కూలాయి, ఆటలపోటీలకు నెలవైన మకహికి పండగ వెనకబడింది. మరుసటి ఏడు వచ్చిన క్రైస్తవ మిషనరీలకు పందేలతో కూడిన ఆటలు గిట్టలేదు. బయటినుంచి వచ్చిన రోగాలు ఊళ్ళకు ఊళ్ళనే ఖాళీ చేశాయి. ఆట నేర్పే పెద్దలే పోతూంటే పిల్లలకు అందేదెలా? బండలు అలాగే ఉన్నాయి, ఆడే తీరు మాత్రం కొందరు వృద్ధుల జ్ఞాపకంలో మిగిలింది. 20వ శతాబ్దంలో బిషప్ మ్యూజియం పరిశోధకుడు కెన్నెత్ ఎమొరీ ఒక వృద్ధ హవాయి స్త్రీ దగ్గర దాన్ని తెలుసుకుని గ్రంథస్థం చేశాడు. అద్దాల బీరువాలో పెట్టిన పలక ఒక్కటే ఆడే తీరును నేర్పలేకపోయేది.

1970ల నుంచి భాషతో, హులా నాట్యంతో, పడవ ప్రయాణాలతో పాటు పాత ఆటలనూ హవాయి ప్రజలు తిరిగి చేతిలోకి తీసుకున్నారు. ఇప్పుడు బడుల్లో మకహికి ఆటల రోజున పిల్లలు కోనానే ఆడతారు. హోనౌనౌ చారిత్రక ఉద్యానంలో వచ్చినవాళ్ళు కూర్చుని ఆడుకునేందుకు పలక, రాళ్ళు సిద్ధంగా ఉంటాయి.