కూర్పు బల్ల నుంచి కథనం దాకా: శ్రీకర్ ప్రసాద్ ప్రస్థానం

చిత్రీకరించిన ముక్కల్లో పనికొచ్చేవాటిని ఏరి, వాటి నిడివినీ వరుసనూ నిర్ణయించి కథగా నడిపించడాన్ని కూర్పు అంటారు. ఈ నిర్ణయాల్లో కొన్ని ఒకప్పుడు కెమెరా తిరగకముందే జరిగిపోయేవి. అనంతపురం జిల్లా తాడిపత్రిలో 1912లో పుట్టిన కదిరి వెంకటరెడ్డి, అంటే మనమెరిగిన కె.వి. రెడ్డి, సన్నివేశానికి పట్టే కాలాన్ని స్టాప్‌వాచ్‌తో కొలిచి, ఎన్ని అడుగుల ఫిల్ము అవసరమో ముందే లెక్కగట్టేవారు. సి.పి. జంబులింగం, జి. కళ్యాణసుందరం కూర్చిన ‘మాయాబజార్’ (1957) ఆ క్రమశిక్షణలోంచి వచ్చిన చిత్రమే. నిడివిని ముందే కట్టడి చేసే ఆ పద్ధతి నుంచి, కథ చెప్పే తీరునే కూర్పు బల్లపై తేల్చుకునే పద్ధతి దాకా సాగిన మార్పును అర్థం చేసుకోవడానికి అక్కినేని శ్రీకర్ ప్రసాద్ వృత్తి జీవితం చక్కని ఆధారం.

ఎల్.వి. ప్రసాద్ సోదరుడు, ఎడిటరూ దర్శకుడూ అయిన అక్కినేని సంజీవి కుమారుడైన శ్రీకర్ ప్రసాద్, మద్రాసు విశ్వవిద్యాలయంలో సాహిత్యం చదివి, తండ్రి దగ్గరే పని నేర్చుకుని తెలుగు చిత్రాలతో వృత్తిలోకి వచ్చారు. అది ఫిల్మును చేత్తో కోసి అతికించే కాలం. 35 మిల్లీమీటర్ల ఫిల్ము నిమిషానికి 90 అడుగుల చొప్పున నడుస్తుంది. రష్ ప్రింటును, అంటే షూటింగులో తీసిన నెగెటివ్ నుంచి వేసిన పాజిటివ్‌ను, మూవియోలా యంత్రంపై చూసి కోతకు గుర్తు పెట్టుకోవాలి. కోత మార్చాలంటే తీసేసిన ముక్కను వెతికి తెచ్చి మళ్లీ అతికించవలసి వచ్చేది కనుక, కత్తెర వేయకముందే మనసులో ఒక నిశ్చయానికి రావడం ఆనాటి ఎడిటరుకు తప్పనిసరి.

1989లో విడుదలైన హిందీ చిత్రం ‘రాఖ్’ ఆయనకు తొలి జాతీయ పురస్కారం తెచ్చిపెట్టి, ఇతర భాషల తలుపులు తెరిచింది. సంతోష్ శివన్ ‘ది టెర్రరిస్ట్’, షాజీ ఎన్. కరుణ్ ‘వానప్రస్థం’ తర్వాత మణిరత్నంతో కలిసి చేసిన ‘అలైపాయుదే’ (2000), తెలుగువారికి ‘సఖి’గా పరిచయమైన చిత్రం, ఆయన పనితనాన్ని దగ్గరగా చూపిస్తుంది. ఇంటికి రావలసిన భార్య రాకపోవడంతో భర్త పడే ఆందోళనకూ, వారి ప్రేమ మొదలైన రోజులకూ మధ్య కథ అటూ ఇటూ తిరుగుతుంది. అందువల్ల పాత సంతోషాన్ని చూస్తున్నంతసేపూ ప్రేక్షకుడిని రాబోయే కీడు వెంటాడుతుంది. అవే సన్నివేశాలను కాలక్రమంలో పేర్చి ఉంటే ప్రేమకథ మిగిలేది కాని, ఈ గుబులు మిగిలేది కాదు.

కంప్యూటర్ ఎడిటింగ్ వచ్చాక ఒకే సన్నివేశాన్ని ఎన్ని విధాలుగానైనా పేర్చి చూడడం తేలికైంది. తీసిన ఫుటేజీ పెరిగేకొద్దీ ఏది వదలాలో తెలుసుకోవడం మాత్రం మరింత కష్టమైంది. అనేక జీవితాలను ఒకే రోజు వ్యవధిలో అల్లిన ‘ఫిరాక్’ (2008) మొదలుకొని ‘ఆర్ఆర్ఆర్’ (2022) వంటి భారీ చిత్రం దాకా ఆయన ఆ విచక్షణతోనే పనిచేశారు. హిందీ, తమిళ, మలయాళ, అస్సామీ చిత్రాలతో సహా ఆయన కృషికి దక్కిన జాతీయ పురస్కారాలు 9.

పాటలనూ మాటలనూ ఇంత శ్రద్ధగా చర్చించుకునే తెలుగు సినీ విమర్శ, ఆ మాట ఎక్కడ ఆగాలో, ఆ ముఖం ఎంతసేపు నిలవాలో నిర్ణయించిన ఎడిటరు పనిని కూడా అంతే శ్రద్ధగా చదవవలసి ఉంది. కథనంలో సగం అక్కడే రూపుదిద్దుకుంటుందనడానికి శ్రీకర్ ప్రసాద్ చిత్రాలే సాక్ష్యం.