తటస్థీకరణ

ఎదురెదురు స్వభావాలున్న రెండు కలిసినప్పుడు ఒకదాని గుణాన్ని మరొకటి అణచివేసే చర్యను తటస్థీకరణ అంటారు. తెలుగు విద్యార్థికి ఈ మాట పదో తరగతిలో, ఆమ్లాలు, క్షారాలు, లవణాల పాఠంలో ఎదురవుతుంది. రసాయనశాస్త్రంలోనే కాదు, వైద్యంలో, అంతర్జాతీయ న్యాయంలో, భాషాశాస్త్రంలో, నేరశాస్త్రంలో, సైనిక పరిభాషలో కూడా ఇది వినిపిస్తుంది. ఇన్ని రంగాల్లోనూ ఒక లక్షణం మారలేదు. తటస్థమైనది నశించిపోదు. రూపు మార్చుకునో, కట్టుబడి ఉండో, ఎక్కడో ఒకచోట మిగిలే ఉంటుంది. మిగిలినదేమిటి, అది ఎంతకాలం అలా ఉంటుంది అన్నవే ప్రతిచోటా అసలు ప్రశ్నలు. ఒక్క ఇటీవలి వాడుక మాత్రం ఈ అర్థాన్ని తలకిందులు చేసింది. దాని సంగతి చివర వస్తుంది.

రసాయనశాస్త్రంలో

పసుపు నీళ్ళలో సున్నం కలిపితే ఎర్రబడతాయి. తెలుగిళ్ళలో దిష్టి తీయడానికి ఎర్రనీళ్ళు చేసేది ఇలాగే. ఆ నీళ్ళలో నిమ్మకాయ పిండుతూ పోతే ఎరుపు విరిగి మళ్ళీ పసుపు తేలుతుంది. పసుపులోని కర్‌క్యుమిన్ క్షారం తగిలితే ఎర్రబడుతుంది, నిమ్మరసంలోని ఆమ్లం ఆ క్షారాన్ని తటస్థీకరిస్తుంది. ఇలాంటి రంగుమార్పును వస్తువుల పరీక్షకు సాధనంగా మలిచినవారిలో ముందు చెప్పుకోవలసినవాడు రాబర్ట్ బాయిల్. వయొలెట్ పూల పానకం ఆమ్లంలో ఎర్రగా, క్షారంలో ఆకుపచ్చగా మారుతుందని 1664లో రంగుల మీద వెలువరించిన పుస్తకంలో రాశాడు. రెంటికీ చెందని పదార్థాలు ఏ మార్పూ తేవు.

లవణమంటే ఆమ్లమూ దానికి ఎదురైన మరో పదార్థమూ కలిసి పుట్టేదని పారిస్‌లో పాఠాలు చెప్పిన గీయోమ్ ఫ్రాంస్వా రుయెల్ 1744లో స్పష్టంగా నిర్వచించాడు. ఆమ్లానికి జోడీగా నిలిచి లవణానికి ఆధారమయ్యే పదార్థాన్ని 1754లో ‘బేస్’ అన్నాడు. ఆయన ఉపన్యాసాలు విన్నవారిలో రసాయనశాస్త్రవేత్త లవాయిజర్ ఒకడు.

తటస్థీకరణను కొలతగా మార్చింది మాత్రం పండితులకంటే ముందు బట్టల వ్యాపారం. నారబట్టలు తెల్లబరచడానికి కట్టెల బూడిద నుంచి తీసిన క్షారం కావాలి. అందులో కల్తీ ఎక్కువ. స్కాట్లండ్ వైద్యుడు ఫ్రాన్సిస్ హోమ్ 1756లో ఆ క్షారం మీద నత్రికామ్లాన్ని కొద్దికొద్దిగా పోస్తూ, పొంగు ఆగేవరకు ఎంత పట్టిందో చూసి సరుకు నాణ్యత లెక్కగట్టాడు. పొంగు ఎప్పుడు ఆగిందో కంటితో తేల్చడం కష్టం గనుక 1767లో విలియం లూయిస్ ఆ పనికి లిట్మస్ రంగును వాడాడు. 1824లో గే లుసాక్ బ్యూరెట్, పిపెట్ అన్న పేర్లను స్థిరపరిచాడు. ఇవాళ ఇంటర్ ప్రయోగశాలలో విద్యార్థి బ్యూరెట్ కుళాయి తిప్పి చుక్క చుక్క వదిలే అంశమాపనం ఈ వర్తకుల అవసరం నుంచి పెరిగిన విద్యే.

జర్మన్ శాస్త్రవేత్త యెరెమియాస్ రిక్టర్ 1792లో మొదలుపెట్టిన గ్రంథంలో ఇంకో మెట్టు ఎక్కాడు. రెండు తటస్థ లవణాల ద్రావణాలు కలిపితే, అవి భాగాలు మార్చుకున్నా, మిశ్రమం తటస్థంగానే ఉంటోంది. అంటే ఒక్కో ఆమ్లానికి ఒక్కో క్షారం ఎంత సరిపోతుందో ముందే నిర్ణయమై ఉండాలి. ఈ తర్కం నుంచే తుల్యభారాల పట్టికలు వచ్చాయి. పరమాణు సిద్ధాంతానికి బాట వేసిన ఆలోచనల్లో ఇది ఒకటని గుర్తించినవారు తక్కువ. ఆ తక్కువదనం రిక్టర్‌కు జరిగిన అన్యాయమే.

ఆమ్లాలన్నిటిలో ఆక్సిజన్ ఉంటుందన్న లవాయిజర్ అభిప్రాయాన్ని 1810లో హంఫ్రీ డేవీ క్లోరిన్ ప్రయోగాలు దెబ్బతీశాయి. హైడ్రోక్లోరికామ్లంలో ఆక్సిజన్ లేదు. 1880లలో స్వాంటే అరీనియస్ అయాన్ల సిద్ధాంతం వచ్చాక తటస్థీకరణ సారాంశం తేలింది: ఆమ్లమిచ్చే హైడ్రోజన్ అయాను, క్షారమిచ్చే హైడ్రాక్సైడ్ అయాను కలిసి నీరు అవుతాయి. దీనికి సాక్ష్యం వేడి. బలమైన ఆమ్లం ఏదైనా, బలమైన క్షారం ఏదైనా, ఒక మోల్ నీరు పుట్టినప్పుడు సుమారు 57 కిలోజౌళ్ళ వేడే విడుదలవుతుంది. జరిగేది అన్నిచోట్లా ఒకే చర్య కాబట్టే ఆ సంఖ్య మారదు. చర్య ఎన్ని అంచెల్లో జరిగినా మొత్తం వేడి ఒకటేనన్న హెస్ నియమం కూడా 1840లో సెయింట్ పీటర్స్‌బర్గ్‌లో ఆమ్లాల తటస్థీకరణ వేడిని కొలుస్తూ కనుక్కున్నదే.

లెక్కలో చూస్తే 36.5 గ్రాముల హైడ్రోజన్ క్లోరైడ్, 40 గ్రాముల సోడియం హైడ్రాక్సైడ్ (కాస్టిక్ సోడా) కలిస్తే 18 గ్రాముల నీరు, 58.5 గ్రాముల ఉప్పు వస్తాయి. చర్మాన్ని కాల్చే రెండు పదార్థాల నుంచి ఉప్పునీరు పుట్టింది. కానీ ఒక్క గ్రాము కూడా తగ్గలేదు. వెలువడిన వేడి లీటరు నీటిని 13 డిగ్రీలకు పైగా వెచ్చబెట్టగలదు. అందుకే ఒంటిమీద ఆమ్లం పడితే క్షారం పూయకూడదు. ధారాళంగా నీళ్ళతో కడగాలి. ఇంకో అపోహ కూడా ఉంది. తటస్థీకరణ పూర్తయితే పీహెచ్ 7 దగ్గరే ఆగుతుందనుకుంటారు. సోరెన్‌సెన్ 1909లో కోపెన్‌హాగన్‌లోని కార్ల్స్‌బర్గ్ ప్రయోగశాలలో ప్రతిపాదించిన ఆ కొలమానంలో 7 తటస్థ బిందువే. అయితే వెనిగర్‌లోని ఎసిటికామ్లం వంటి బలహీన ఆమ్లాన్ని కాస్టిక్ సోడాతో సరిగ్గా సరిపెట్టినప్పుడు ద్రావణం పీహెచ్ 8 దాటుతుంది. ఆ పనికి ఫినాఫ్తలీన్‌ను సూచికగా ఎంచుకునేది అందుకే.

పరిశ్రమల్లో మిగిలే పదార్థమే సమస్య. నూనె శుద్ధి కర్మాగారాల్లో తవుడు నూనె, వేరుశనగ నూనెల్లోని స్వేచ్ఛా కొవ్వు ఆమ్లాలను కాస్టిక్ సోడాతో తటస్థీకరిస్తే సబ్బు మడ్డి దిగుతుంది. దాన్ని సబ్బుల తయారీకి పంపుతారు. పటాన్‌చెరు వంటి పారిశ్రామికవాడల వ్యర్థజలాల శుద్ధిలోనూ మొదటి అంచెల్లో తటస్థీకరణ ఉంటుంది. పీహెచ్ సరిపోయినంత మాత్రాన ఆ నీరు మంచిది కాదు. ఆమ్లం పోయి లవణం పెరుగుతుంది. కరిగిన లవణాలను తీయడం అంతకంటే ఖరీదైన వేరే పని. చౌడు నేలకు జిప్సం వేయడాన్ని కూడా కొందరు తటస్థీకరణ అంటారు. జిప్సం ఆమ్లం కాదు. అందులోని కాల్షియం మట్టిని పట్టుకున్న సోడియాన్ని విడదీస్తుంది. తర్వాత నీరు పెట్టి ఆ సోడియాన్ని కిందికి కడిగేయాలి. మురుగు పోయే దారి లేని పొలంలో జిప్సం ఖర్చు వృథా.

పాల వ్యాపారంలో ‘న్యూట్రలైజర్’ అంటే కల్తీ. పాలు పులవడం మొదలైనప్పుడు పుట్టే లాక్టికామ్లాన్ని వంటసోడాతోనో కాస్టిక్ సోడాతోనో కప్పిపుచ్చుతారు. పులుపు తెలియకుండా పోతుంది, కాచినా విరగవు, పులియబెట్టిన సూక్ష్మజీవులు మాత్రం అలాగే ఉంటాయి. పాల కేంద్రాల్లో రోజాలికామ్లం పరీక్షతో దీన్ని పట్టుకుంటారు. సోడా కలిసిన పాలు గులాబీ ఎరుపు చూపుతాయి. పసిపిల్లలు తాగే పాలలో ఈ పని చేయడం నేరం మాత్రమే కాదు, పాపం.

వైద్యంలో

1890లో బెర్లిన్‌లో ఎమిల్ ఫాన్ బేరింగ్, కితాసాతో షిబాసబురో ధనుర్వాత విషానికి అలవాటుపడిన జంతువు రక్తరసం మరో జంతువును కాపాడగలదని చూపారు. రక్తరసంలోని ఏదో పదార్థం విషాన్ని తటస్థీకరిస్తోందని వారి నిర్ణయం. డిఫ్తీరియా మీద ఇదే బాటలో చేసిన కృషికి బేరింగ్‌కు 1901లో వైద్యశాస్త్రంలో మొట్టమొదటి నోబెల్ వచ్చింది. ఆ పదార్థాలనే ఇప్పుడు యాంటీబాడీలంటున్నాం.

ఈ ఆలోచన పాముకాటుకు మందైంది. సైగాన్‌లో పనిచేసిన ఫ్రెంచి వైద్యుడు ఆల్బెర్ కాల్మెట్ 1890ల నడిమిలో నాగుపాము విషానికి విరుగుడు రక్తరసం తయారుచేశాడు. అది అన్ని పాములకూ పనిచేస్తుందని నమ్మాడు. బ్రెజిల్‌లో వితాల్ బ్రజిల్ ఆ నమ్మకం తప్పని తేల్చాడు: ఏ జాతి విషానికి ఆ జాతి విరుగుడే కావాలి. మనదేశంలో దొరికే మందు నాలుగు పాముల విషాలతో గుర్రాలను సిద్ధంచేసి తీసినది: నాగుపాము, కట్లపాము, రక్తపింజరి, పొలుసులు రాపాడించి బుసకొట్టే చిన్న పింజరి. సీసా మీద ముద్రించే ప్రమాణం ప్రకారం ఒక మిల్లీలీటరు మందు నాగుపాము విషం 0.6 మిల్లీగ్రాములు, రక్తపింజరి విషం 0.6, కట్లపాము విషం 0.45, చిన్న పింజరి విషం 0.45 మిల్లీగ్రాముల్ని తటస్థీకరించాలి. విషం సేకరణలో తమిళనాడులోని ఇరుల తెగవారి సహకార సంఘం 1978 నుంచి పేరుపొందింది. మందు తయారీ కేంద్రాల్లో హైదరాబాద్ ప్రాంతం ఒకటి.

ఈ తటస్థీకరణకు హద్దుంది. యాంటీబాడీ రక్తంలో తిరుగుతున్న విషాన్ని పట్టుకుని కట్టేస్తుంది. విషం అప్పటికే చేసిన గాయాన్ని మాన్పదు. కట్లపాము విషం నరాల చివళ్ళను దెబ్బతీశాక ఎన్ని సీసాలు ఎక్కించినా ఊపిరి వెంటనే తిరిగి రాదు. రోగిని రోజుల తరబడి వెంటిలేటర్ మీద ఉంచాలి. కాటు పడిన వెంటనే ఆసుపత్రికి చేరడం అందుకే ప్రాణప్రశ్న. 2000 నుంచి 2019 వరకు దేశంలో పాముకాటుతో సుమారు 12 లక్షలమంది చనిపోయారని అంచనా. మరణాలు ఎక్కువున్న ప్రాంతాల్లో ఆంధ్రప్రదేశ్, తెలంగాణ ఉన్నాయి. చేలో కాటుతిన్న కూలీ మంత్రగాడి దగ్గర పోగొట్టుకునే గంట ఏ మందుతోనూ తిరిగి రాదు.

వైరస్‌ల విషయంలో తటస్థీకరణ అంటే వైరస్‌ను కణంలోకి చొరబడనీయకుండా యాంటీబాడీ అడ్డుకోవడం. వైరస్‌కు అంటుకునే యాంటీబాడీలన్నీ ఆ పని చేయలేవు. ఆ తేడా తేల్చడానికి రోగి రక్తరసాన్ని వైరస్‌తో కలిపి, సజీవ కణాల పొర మీద పోసి, వైరస్ దెబ్బకు కణాలు చచ్చినచోట పడే మచ్చలు ఎన్ని తగ్గాయో లెక్కిస్తారు. కోవిడ్ కాలంలో హైదరాబాద్‌లో తయారైన కోవాక్సిన్ సహా టీకాలన్నిటి ప్రయోగాల్లో ఈ కొలత ముఖ్యమైంది.

రాజ్యాల మధ్య

ఒక రాజ్యం యుద్ధాల్లో చేరకూడదని, దాని మీద ఎవరూ దాడి చేయకూడదని పెద్ద రాజ్యాలు ఒప్పందం ద్వారా కట్టడి చేయడాన్ని అంతర్జాతీయ న్యాయం తటస్థీకరణ అంటుంది. స్వయంగా ఎంచుకునే తటస్థత వేరు. భారత అలీన విధానం ఈ రెండో కోవకు దగ్గర. దానికి బయటివాళ్ళ హామీ లేదు, కట్టడీ లేదు.

1815 నవంబర్ 20న పారిస్‌లో స్విట్జర్లాండ్ శాశ్వత తటస్థతను ఐరోపా రాజ్యాలు గుర్తించాయి. అదే ఏడు తటస్థ స్వేచ్ఛా నగరంగా ప్రకటించిన క్రాకోను 1846లో ఆస్ట్రియా మింగేసింది. 1839 లండన్ ఒప్పందం బెల్జియం తటస్థతకు హామీ ఇచ్చింది. హామీదారుల్లో, తర్వాత జర్మనీకి కేంద్రమైన ప్రష్యా కూడా ఉంది. 1914 ఆగస్టు 4న జర్మన్ సేనలు బెల్జియంలోకి చొరబడ్డాయి, ఆ హామీ పేరుతోనే బ్రిటన్ యుద్ధంలో దిగింది. లక్సెంబర్గ్ కథ కాస్త వేరు. 1867 మే 11 ఒప్పందం ఆ దేశాన్ని తటస్థం చేస్తూ దాని గొప్ప కోటను కూల్చివేయమంది. కూల్చడం 1883 దాకా సాగింది. కోట లేని ఆ దేశాన్ని జర్మనీ 1914లోనూ 1940లోనూ ఆక్రమించింది. 1962లో జెనీవాలో 14 దేశాలు లావోస్ తటస్థతకు సంతకాలు చేశాయి. పర్యవేక్షణ సంఘానికి అధ్యక్షత భారత్‌ది. అక్కడా యుద్ధం ఆగలేదు. హామీ ఇచ్చినవాళ్ళకు దాన్ని నిలబెట్టాలన్న అవసరం ఉన్నంతవరకే ఈ ఏర్పాటు నిలుస్తుందని ఈ చరిత్ర చూపుతోంది.

భాషాశాస్త్రంలో

రెండు వర్ణాల తేడా కొన్ని స్థానాల్లో చెరిగిపోవడాన్ని ప్రాగ్ సంప్రదాయానికి చెందిన నికొలాయ్ త్రుబెత్స్కోయ్ 1930లలో తటస్థీకరణగా వివరించాడు. ఆయన ప్రధాన గ్రంథం మరణానంతరం 1939లో వచ్చింది. జర్మన్‌లో పదాంతంలో ‘ద’, ‘త’ల తేడా పలుకుబడిలో ఉండదన్నది ప్రసిద్ధ ఉదాహరణ. తెలుగులో ‘వేలు’, ‘వేరు’ రెండు విడి మాటలు. బహువచనంలో రెండూ ‘వేళ్ళు’. బడి, బండి కూడా వాడుకలో ‘బళ్ళు’ అవుతాయి. తేడా చూపాల్సి వస్తే వేర్లు, బండ్లు అంటాం. అంటే చెరిగిన తేడా భాషలోంచి పోలేదు, కావలసినప్పుడు పైకి వస్తుంది.

వ్యాకరణంలో ఇంకా ఆసక్తికరమైన సంగతి ఉంది. ‘ఆమె వచ్చింది’, ‘ఆవు వచ్చింది’ అన్నప్పుడు క్రియ ఒకటే. బహువచనంలో ఆడవాళ్ళు మగవాళ్ళతో కలిసి ‘వచ్చారు’ అవుతారు, ఆవులు విడిపోయి ‘వచ్చాయి’ అవుతాయి. ఏకవచనంలో ఒక భేదం తటస్థమైతే బహువచనంలో మరొకటి తటస్థమవుతోంది. చిన్నయసూరి 1858 నాటి బాలవ్యాకరణంలో మహత్తు, మహతి అన్న విభజనతో ఈ విషయాన్ని సూత్రీకరించాడు.

నేరశాస్త్రంలో

1957లో అమెరికా సామాజికశాస్త్రవేత్తలు గ్రెషమ్ సైక్స్, డేవిడ్ మాట్జా కుర్రాళ్ళు తప్పుచేసేది నీతి తెలియక కాదు, దాన్ని తాత్కాలికంగా తటస్థీకరించుకునే అని వాదించారు. ఐదు పద్ధతులు చెప్పారు. మన మాటల్లో అవి ఇలా వినిపిస్తాయి: నా చేతుల్లో ఏముంది, ఎవరికి నష్టమైంది, వాడికి అలాగే కావాలి, అడిగేవాళ్ళు సుద్దపూసలా, మావాళ్ళ కోసం చేశాను. కార్యాలయాల్లో లంచం, పన్ను ఎగవేత వంటి పెద్దవాళ్ళ నేరాలకూ ఈ సిద్ధాంతాన్ని తర్వాత అన్వయించారు.

సైనిక పరిభాషలో

ఫిరంగి దళాల బోధనలో తటస్థీకరణకు ఖచ్చితమైన అర్థముంది: శత్రుదళాన్ని కొంతసేపు పోరాడలేకుండా చేయడం. అమెరికా సైనిక గ్రంథాలు సుమారు 10 శాతం నష్టాన్ని తటస్థీకరణగా, 30 శాతాన్ని విధ్వంసంగా లెక్కగట్టాయి. అంటే అక్కడ కూడా ఈ మాట నాశనానికి పర్యాయపదం కాదు, దానికంటే ఒక మెట్టు కింద ఉన్నది.

ఇటీవలి దశాబ్దాల్లో మనుషులను చంపడాన్నే ఈ మాటతో చెబుతున్నారు. భారత భద్రతా దళాలు, కేంద్ర హోంశాఖ ఇంగ్లీషు ప్రకటనల్లో మావోయిస్టులు, ఉగ్రవాదులు ‘న్యూట్రలైజ్’ అయ్యారని లెక్కలు వస్తాయి. తెలుగు పత్రికలు అదే వార్తకు మృతి, హతం అనే రాస్తాయి. ఆ విషయంలో తెలుగు పత్రికల అలవాటే సరైనది. చనిపోయినవాడు ఏ పక్షంవాడైనా, ఎంతటి నేరం చేసినవాడైనా, జరిగింది మరణం. ఈ మాట చాటున అది కనబడకుండా పోతే దాని మీద విచారణ అడిగేవాళ్ళు కూడా తగ్గుతారు. పోలీసు ఎన్‌కౌంటర్లపై సుప్రీంకోర్టు 2014 సెప్టెంబర్ 23న ఇచ్చిన తీర్పులో 16 మార్గదర్శకాలున్నాయి. ఎన్‌కౌంటర్‌లో మనిషి మరణిస్తే ఎఫ్‌ఐఆర్ నమోదు చేయాలని, స్వతంత్ర దర్యాప్తు జరపాలని, మేజిస్ట్రేటు విచారణ తప్పనిసరని, బంధువులకు వీలైనంత త్వరగా తెలియజేయాలని అవి చెబుతాయి.