ఎలక్ట్రోఫోరెసిస్: రక్త నివేదికలోని ఆ అక్షరాలకు అర్థమేమిటి?

ఛత్తీస్‌గఢ్‌లోని ఉక్కు నగరం భిలాయ్‌లో ‘సిక్లింగ్ పాజిటివ్’ అనే మాట ఎవరికీ కొత్త కాదు. గర్భిణులకు చేసే రక్తపరీక్షల్లోనో, పిల్లల ఆరోగ్య తనిఖీల్లోనో ఈ మాట కాగితంపై కనిపించగానే ఇంట్లో ఆందోళన మొదలవుతుంది. నిజానికి ఆ మాట చెప్పేది సగం విషయమే. ఆ రక్తం కొడవలి కణ వ్యాధితో బాధపడుతున్న మనిషిదా, లేక ఆ జన్యువును మోస్తూ ఆరోగ్యంగా జీవిస్తున్న వాహకుడిదా అన్నది దానివల్ల తెలియదు. ఇద్దరి రక్తమూ ఆ పరీక్షలో ఒకే ఫలితాన్ని ఇస్తుంది. ఆ తేడాను తేల్చేందుకు వైద్యులు రాసే తదుపరి పరీక్ష పేరు హిమోగ్లోబిన్ ఎలక్ట్రోఫోరెసిస్.

ప్రోటీన్ల విశ్లేషణలో తరచుగా వినిపించే పదాల్లో ఇది ఒకటి. ‘ఎలక్ట్రో’ అంటే విద్యుత్తుకు సంబంధించినది. ‘ఫోరెసిస్’ అన్నది మోసుకుపోవడం అనే అర్థమున్న గ్రీకు ధాతువు నుంచి పుట్టింది. విద్యుదావేశం ఉన్న కణాలు విద్యుత్ క్షేత్రంలో ఒక ధ్రువం వైపు కదలడమే ఎలక్ట్రోఫోరెసిస్. ఆ కదలికలోని తేడాను బట్టి ఒక మిశ్రమంలోని పదార్థాలను విడదీసే పద్ధతికి కూడా అదే పేరు స్థిరపడింది.

ఆవేశమే ఆధారం

ప్రోటీన్ అమైనో ఆమ్లాల గొలుసు. వీటిలో కొన్నింటికి రుణావేశం, కొన్నింటికి ధనావేశం ఉంటుంది, ఎక్కువ వాటికి ఏ ఆవేశమూ ఉండదు. మొత్తం ప్రోటీన్‌పై ఎంత ఆవేశం మిగులుతుందన్నది అది ఉన్న ద్రావణం ఆమ్లత్వాన్ని బట్టి మారుతుంది. అందుకే పరీక్ష ఎప్పుడూ పీహెచ్ విలువ స్థిరంగా ఉండే బఫర్ ద్రావణంలోనే చేస్తారు. పీహెచ్ 8.6 ప్రాంతంలో, అంటే క్షార ద్రావణంలో, హిమోగ్లోబిన్‌పై రుణావేశం అధికంగా ఉంటుంది. విద్యుత్తు ప్రవహించగానే అది ధన ధ్రువం వైపు నడుస్తుంది.

ప్రయోగశాలలో జరిగే పని చూడటానికి సాదాగానే ఉంటుంది. ఎర్ర రక్తకణాలను పగలగొట్టి, వాటిలోని హిమోగ్లోబిన్ ద్రావణాన్ని సెల్యులోజ్ అసిటేట్ పట్టీపైనో, అగరోజ్ జెల్ పైనో చిన్న గీతగా ఉంచుతారు. కొంతసేపు విద్యుత్తు పంపి, తర్వాత రంగు అద్దుతారు. మొదట ఒకే గీతగా ఉన్న చోట ఇప్పుడు వేర్వేరు దూరాల్లో వేర్వేరు గీతలు కనిపిస్తాయి. వాటినే బ్యాండ్లు అంటారు. పక్కనే ముందే తెలిసిన నమూనాను కూడా నడిపించి, దానితో పోల్చి ఏ గీత ఏ హిమోగ్లోబిన్‌దో గుర్తిస్తారు.

పెద్దలలో ప్రధానంగా ఉండేది హిమోగ్లోబిన్ ఏ. ఇందులో రెండు ఆల్ఫా, రెండు బీటా గొలుసులు ఉంటాయి. బీటా గొలుసులో ఆరో స్థానంలో గ్లుటామిక్ ఆమ్లం ఉండాలి. కొడవలి కణ జన్యువు ఉన్నవారిలో ఆ చోట వాలీన్ వస్తుంది. ఇలా తయారైనదే హిమోగ్లోబిన్ ఎస్. గ్లుటామిక్ ఆమ్లానికి రుణావేశం ఉంది, వాలీన్‌కు లేదు. రెండు బీటా గొలుసులు ఉన్నందున ఒక్కో హిమోగ్లోబిన్ అణువుపై రెండు రుణావేశాలు తగ్గుతాయి. ఆ మేరకు ఎస్ నెమ్మదిస్తుంది, పట్టీపై ఏ కంటే వెనుకే ఆగిపోతుంది. శరీరంలో మాత్రం ఈ చిన్న మార్పు వల్ల ఆక్సిజన్ వదిలిన ఎస్ అణువులు ఒకదానికొకటి అతుక్కుని పొడవైన పోగులుగా మారతాయి. గుండ్రటి రక్తకణం కొడవలి ఆకారంలోకి వంగి, సన్నని రక్తనాళాలకు అడ్డుపడుతుంది. భరించలేని నొప్పులు వచ్చేది అందుకే.

ఈ పద్ధతికి పదును పెట్టినవాడు స్వీడన్ శాస్త్రవేత్త ఆర్నే టిసేలియస్. 1937లో ఆయన వెలువరించిన పరికరం రక్తరసంలోని ప్రోటీన్లను విడదీసి చూపింది. 1948లో ఆయనకు రసాయన శాస్త్రంలో నోబెల్ బహుమతి లభించింది. మరుసటి ఏడాది లైనస్ పాలింగ్, హార్వే ఇటానో బృందం అదే తరహా పరికరంలో కొడవలి కణ రోగుల హిమోగ్లోబిన్‌ను పరీక్షించి, అది మామూలు హిమోగ్లోబిన్ కంటే భిన్నంగా కదులుతోందని నిరూపించింది. వాహకుల రక్తంలో రెండు రకాలూ కలిసి ఉన్నాయని కూడా అప్పుడే తేలింది. ఒక వ్యాధికి మూలం ఒక అణువులోని లోపమని ప్రయోగపూర్వకంగా చూపిన తొలి సందర్భం ఇది. ఆ లోపం ఒకే ఒక్క అమైనో ఆమ్లానిదని 1956, 1957 సంవత్సరాల్లో కేంబ్రిడ్జ్‌లో వెర్నన్ ఇంగ్రామ్ కనుగొన్నారు. ఆయన సాధనాల్లోనూ ఎలక్ట్రోఫోరెసిస్ ఉంది. భారతదేశంలో ఈ జన్యువును తొలిసారి 1952లో నీలగిరి గిరిజనుల్లో గుర్తించారు. తరువాతి దశాబ్దాల్లో మధ్య భారతమంతటా, ఆంధ్రప్రదేశ్, తెలంగాణల్లోని ఏజెన్సీ ప్రాంతాల్లోనూ ఇది బయటపడింది. ఛత్తీస్‌గఢ్‌లో దీన్ని గిరిజనుల వ్యాధిగా మాత్రమే చూడటం సరికాదు, ఇతర సామాజిక వర్గాల్లోనూ ఇది గణనీయంగా ఉంది.

ఏఏ, ఏఎస్, ఎస్ఎస్

నివేదికలోని అక్షరాలు ఆ వ్యక్తి రక్తంలోని ప్రధాన హిమోగ్లోబిన్లను సూచిస్తాయి. ఏఏ అంటే మామూలు రక్తం. ఇందులో హిమోగ్లోబిన్ ఏ 95 శాతానికి పైగా, ఏ2 అనే మరో రకం రెండు నుంచి మూడున్నర శాతం వరకు, శిశు దశకు చెందిన ఎఫ్ అతి స్వల్పంగా ఉంటాయి. ఏఎస్ అంటే తల్లి, తండ్రి ఇద్దరిలో ఒకరి నుంచి మాత్రమే కొడవలి జన్యువు వచ్చిందని అర్థం. ఇందులో ఎస్ సాధారణంగా 30 నుంచి 40 శాతం వరకు ఉంటుంది, ఏ దానికంటే ఎక్కువే ఉంటుంది. వీరు రోగులు కారు. అరుదైన పరిస్థితుల్లో తప్ప వీరికి చికిత్స అవసరం ఉండదు. ఎస్ఎస్ అంటే ఇద్దరి నుంచీ ఆ జన్యువు సంక్రమించింది. ఇందులో హిమోగ్లోబిన్ ఏ అసలు కనిపించదు. ఎస్‌తోపాటు ఎఫ్ కొంత ఉంటుంది. భారతీయ రోగుల్లో చాలామందికి ఈ ఎఫ్ ఆఫ్రికా రోగుల్లో కంటే అధికంగా ఉండటం గమనించారు. ఎఫ్ ఎంత ఎక్కువ ఉంటే కణం వంగిపోవడం అంత తగ్గుతుంది. వైద్యులు వాడే హైడ్రాక్సీయూరియా మందు చేసే పనుల్లో ఎఫ్‌ను పెంచడం ముఖ్యమైనది.

‘సిక్లింగ్ పాజిటివ్’ అనే మాటలోని లోపం ఇక్కడ అర్థమవుతుంది. సిక్లింగ్ పరీక్షలో ఆక్సిజన్‌ను తొలగించే రసాయనం కలిపి కణాలు వంగుతున్నాయో లేదో సూక్ష్మదర్శినిలో చూస్తారు. సాల్యుబిలిటీ పరీక్షలోనైతే ద్రావణం మసకబారుతుందేమో చూస్తారు. రెండూ చౌకైనవి, త్వరగా పూర్తయ్యేవి, వేలమందిని వడపోయడానికి పనికివచ్చేవి. కానీ ఎస్ ఉందా లేదా అన్నంతవరకే వాటి సాక్ష్యం. ఏఎస్ ఉన్న యువతిని రోగిగా భావించి పెళ్లి సంబంధం వదులుకోవడం ఎంత పొరపాటో, ఎస్ఎస్ ఉన్న పిల్లవాడి నొప్పులను తేలికగా తీసుకోవడం అంతకంటే ప్రమాదకరం. మరో పొరపాటు కూడా జరుగుతుంటుంది. రక్తహీనత అనగానే ఐరన్ మాత్రలు మొదలుపెడతారు. కొడవలి కణ వ్యాధిలో రక్తం తగ్గేది కణాలు త్వరగా చితికిపోవడం వల్ల. ఇనుము లోపం కూడా ఉందని పరీక్షలో తేలితే తప్ప ఆ మాత్రలతో ప్రయోజనం లేదు, అదేపనిగా రక్తం ఎక్కించుకునేవారికి హాని కూడా.

ఈ అక్షరాలకు చట్టపరమైన విలువ కూడా ఉంది. 2016 నాటి దివ్యాంగుల హక్కుల చట్టం గుర్తించిన 21 రకాల వైకల్యాల్లో కొడవలి కణ వ్యాధి, తలసీమియా ఉన్నాయి. ఇది వ్యాధిగ్రస్తులకు వర్తిస్తుంది, కేవలం వాహకులైనవారికి కాదు.

భిలాయ్‌లో ఎందుకు జాగ్రత్త అవసరం?

సోవియట్ యూనియన్ సహకారంతో ఏర్పడిన భిలాయ్ ఉక్కు కర్మాగారంలో తొలి బ్లాస్ట్ ఫర్నేస్‌ను 1959 ఫిబ్రవరి 4న అప్పటి రాష్ట్రపతి బాబూ రాజేంద్ర ప్రసాద్ ప్రారంభించారు. కర్మాగారం పనుల కోసం దేశం నలుమూలల నుంచి జనం వచ్చారు. ఛత్తీస్‌గఢ్ గ్రామాలవారితోపాటు ఆంధ్ర, ఒడిశా, బెంగాల్, పంజాబ్, కేరళ కుటుంబాలు ఒకే సెక్టార్ల క్వార్టర్లలో స్థిరపడ్డాయి. అలాంటి ఊరిలోని ప్రయోగశాలకు ఒకే రోజున పలు ప్రాంతాల మూలాలున్న రక్తం రావడం సహజం. హిమోగ్లోబిన్ రకాలకూ ప్రాంతాలతో సంబంధం ఉంది. ఎస్ మధ్య భారతంలో ఎక్కువ. డి అనే రకం పంజాబ్ ప్రాంతంలో, ఈ అనే రకం ఈశాన్య రాష్ట్రాల్లో, బెంగాల్‌లో అధికంగా కనిపిస్తాయి. బీటా తలసీమియా జన్యువు దేశమంతటా ఉన్నా కొన్ని వర్గాల్లో మరింత ఎక్కువ.

చిక్కు ఇక్కడే వస్తుంది. ఎలక్ట్రోఫోరెసిస్ చూసేది ప్రోటీన్ పేరును కాదు, దాని కదలికను. హిమోగ్లోబిన్ డిలో బీటా గొలుసు 121వ స్థానంలోని గ్లుటామిక్ ఆమ్లం బదులు ఆవేశం లేని గ్లుటమిన్ ఉంటుంది. స్థానం వేరైనా పోయిన ఆవేశం మాత్రం ఎస్‌లో పోయినంతే. కాబట్టి క్షార ద్రావణంలో ఎస్, డి రెండూ ఒకే చోట ఆగుతాయి. ఈ రకంలో 26వ స్థానంలో ధనావేశమున్న లైసీన్ వస్తుంది. అందుకే అది ఇంకా వెనుకబడి ఏ2 గీతతో కలిసిపోతుంది. కేవలం ఒక పట్టీని చూసి ‘ఏఎస్’ అని రాస్తే, అది ‘ఏడి’ కూడా కావచ్చు. అనుమానం ఉన్నప్పుడు పీహెచ్ 6.2 ప్రాంతంలో సిట్రేట్ అగర్ జెల్‌పై మళ్లీ నడిపిస్తారు. అక్కడ డి వెళ్లి ఏతో కలుస్తుంది, ఎస్ విడిగా నిలుస్తుంది. సాల్యుబిలిటీ పరీక్ష కూడా తోడ్పడుతుంది. అది ఎస్‌కు పాజిటివ్, డికి నెగెటివ్.

ఒకవైపు ఎస్, మరోవైపు బీటా తలసీమియా జన్యువు సంక్రమించినవారి విషయం మరింత సున్నితమైనది. తలసీమియా జన్యువు అసలు బీటా గొలుసునే తయారు చేయని రకమైతే హిమోగ్లోబిన్ ఏ ఉండదు. పట్టీపై అది అచ్చంగా ఎస్ఎస్ లాగే కనిపిస్తుంది. ఏ2 పెరిగి ఉండటం, ఎర్రకణాల పరిమాణం తగ్గి ఉండటం కొంత ఆచూకీ ఇస్తాయి. తల్లిదండ్రుల రక్తాన్ని కూడా పరీక్షిస్తే విషయం చాలావరకు తేటపడుతుంది. కొద్దిగా బీటా గొలుసు తయారయ్యే రకమైతే ఏ, ఎస్ రెండూ ఉంటాయి, కానీ ఎస్ ఎక్కువ, ఏ తక్కువ. అంటే వాహకుడి నిష్పత్తికి సరిగ్గా తలకిందులు. శాతాలు రాయకుండా ‘ఏఎస్’ అని మాత్రమే ఇచ్చే నివేదిక అసంపూర్ణమైనది అనడానికి ఇదే కారణం.

పేరు ఒకటి, పరికరం మరొకటి

వాడుకలో మరో విశేషం ఉంది. వైద్యుడి చీటీలో ‘హెచ్‌బీ ఎలక్ట్రోఫోరెసిస్’ అని ఉన్నా, నేడు అనేక ప్రయోగశాలలు ఆ పరీక్షను హెచ్‌పీఎల్‌సీ యంత్రంపై చేస్తున్నాయి. ఇది క్రొమటోగ్రఫీ, ఎలక్ట్రోఫోరెసిస్ కాదు. ఇందులో గీతలు ఉండవు, శిఖరాల్లాంటి గ్రాఫ్ ఉంటుంది. ప్రతి రకం యంత్రం నుంచి ఎన్ని నిమిషాలకు బయటికి వచ్చిందో, ఎంత శాతం ఉందో ముద్రితమవుతుంది. ఎస్, డి ఇందులో వేర్వేరు సమయాల్లో వస్తాయి, ఈ మాత్రం ఏ2 సమయంలోనే వస్తుంది. క్యాపిల్లరీ ఎలక్ట్రోఫోరెసిస్ అనే కొత్త తరహా పరికరంలో సన్నని గొట్టంలో విద్యుత్తుతో విడదీస్తారు. అది ఈని, ఏ2ను కూడా వేరు చేయగలదు. పద్ధతి ఏదైనా అది నివేదికపై రాసి ఉండటం అవసరం.

సీరం ప్రోటీన్ ఎలక్ట్రోఫోరెసిస్ అనేది పూర్తిగా వేరే పరీక్ష. అది హిమోగ్లోబిన్‌ను కాక రక్తరసంలోని అల్బుమిన్, గ్లోబ్యులిన్లను విడదీస్తుంది. మల్టిపుల్ మైలోమా అనే క్యాన్సర్ అనుమానం ఉన్నప్పుడు దాన్ని రాస్తారు. పరిశోధనశాలల్లో వినిపించే ఎస్‌డీఎస్ పేజ్ పద్ధతి మరో శాఖ. అందులో ఒక రసాయనం కలిపి ప్రోటీన్లన్నింటినీ వాటి బరువుకు తగిన రుణావేశంతో కప్పేస్తారు కాబట్టి అవి ప్రధానంగా పరిమాణాన్ని బట్టే విడిపోతాయి. ఎస్, ఏ హిమోగ్లోబిన్లను గుర్తించడానికి అది పనికిరాదు.

పరీక్షకు సమయం కూడా ముఖ్యమే. రక్తం ఎక్కించుకున్న రోగిలో దాత హిమోగ్లోబిన్ ఏ కూడా కనిపిస్తుంది. ఎస్ఎస్ రోగి నివేదిక ఏఎస్ లాగా రావచ్చు. అందువల్ల రక్తం ఎక్కించక ముందే నమూనా తీయాలి, లేదా సుమారు మూడు నెలలైనా ఆగాలి. నవజాత శిశువులో ఎఫ్ అధికంగా, ఎస్ తక్కువగా ఉంటుంది కనుక సాల్యుబిలిటీ పరీక్ష తొలి ఆరు నెలల్లో నమ్మదగినది కాదు. పుట్టినప్పుడు సున్నితమైన పద్ధతితో ఎఫ్ఎస్ అని తేలితే, కొన్ని నెలల తర్వాత మళ్లీ నిర్ధారించుకోవాలి.

కేంద్ర ప్రభుత్వం 2023 జులై 1న మధ్యప్రదేశ్‌లోని షాడోల్‌లో జాతీయ సికిల్ సెల్ ఎనీమియా నిర్మూలన మిషన్‌ను ప్రారంభించింది. 40 ఏళ్లలోపు వయసున్న 7 కోట్ల మందిని పరీక్షించడం, 2047 నాటికి ప్రజారోగ్య సమస్యగా ఈ వ్యాధిని నిర్మూలించడం దీని లక్ష్యాలు. ఛత్తీస్‌గఢ్‌తోపాటు ఆంధ్రప్రదేశ్, తెలంగాణ కూడా ఇందులో ఉన్నాయి. వడపోతలో పాజిటివ్ వచ్చిన ప్రతి ఒక్కరికీ ఏఎస్, ఎస్ఎస్ తేడాను చెప్పగల రెండో పరీక్ష అందినప్పుడే మొదటి పరీక్షకు అర్థం ఉంటుంది.

వివాహానికి ముందు ఇద్దరి నివేదికలనూ పక్కపక్కన చూడాలని వైద్యులు సూచించేదీ ఇందుకే. ఒకరు ఏఎస్, మరొకరు ఏఏ అయితే పిల్లలకు ఎస్ఎస్ రాదు, సగం అవకాశం వాహకులు కావడానికి మాత్రమే. ఇద్దరూ ఏఎస్ అయితే ప్రతి కాన్పులోనూ ఎస్ఎస్ బిడ్డ పుట్టే అవకాశం 25 శాతం. ఒకరు ఏఎస్, మరొకరు బీటా తలసీమియా వాహకులైనా, డి వాహకులైనా బిడ్డకు రెండు లోపాలూ కలిసి వ్యాధి వచ్చే అవకాశం అంతే ఉంటుంది. తలసీమియా వాహకుల రక్తం సిక్లింగ్ పరీక్షలో నెగెటివ్‌గానే వస్తుంది. వారిని పట్టి ఇచ్చేది శాతాలతో కూడిన నివేదికలోని ఏ2 విలువ. గర్భస్థ శిశువు విషయంలో ప్రోటీన్ పరీక్షపై ఆధారపడరు. గర్భం పది, పదకొండు వారాలు దాటాక మావి నుంచి చిన్న నమూనా తీసి నేరుగా డీఎన్ఏను పరీక్షిస్తారు. అందులో ఏ మార్పు కోసం వెతకాలో తెలియాలంటే తల్లిదండ్రులిద్దరి హిమోగ్లోబిన్ నివేదికలు ముందుగా చేతిలో ఉండాలి.