సియాటిల్‌లో ఏడేళ్ళకోసారి

మొన్న వీడియో కాల్లో నాన్నకి ఫోన్‌పే నేర్పుతూ విసుక్కుని, "ఈ వయసులో బుర్రకెక్కదులే" అనేశాను. ఆయనేమీ అనలేదు. ఆ మాట అప్పట్నుంచీ గుచ్చుతూనే ఉంది. ఎందుకంటే నేనుంటున్న ఈ సియాటిల్‌లోనే 1956లో మొదలైన కథొకటి నాకు తెలుసు.

వార్నర్ షాయ్, చిన్నప్పుడు నాజీ జర్మనీ నుంచి తప్పించుకుని షాంఘైలో పెరిగినవాడు. ఇక్కడి వాషింగ్టన్ యూనివర్సిటీలో పీహెచ్‌డీ కోసం, ఒక ఆరోగ్య సహకార సంఘం సభ్యుల్లోంచి 500 మందికి పరీక్షలు పెట్టాడు. మాటల అర్థాలు, లెక్కలు, తర్కం, బొమ్మల్ని మనసులో తిప్పి చూడటం. పెద్దవాళ్ళకే తక్కువ మార్కులొచ్చాయి. అందరూ అనుకున్నదే కదా!

1963లో మళ్ళీ వాళ్ళనే వెతికి పట్టుకుని అవే పరీక్షలు పెట్టాడు. చాలామంది తమ పాత మార్కుల నుంచి పెద్దగా జారలేదు. మరి మొదట కనిపించిన తేడా? చాలావరకు వయసుది కాదు, తరానిది. ఆ పెద్దవాళ్ళు బడిలో గడిపిన ఏళ్ళే తక్కువ. 2005 దాకా ఏడేళ్ళకోసారి కొలిచారు. చాలా సామర్థ్యాలు అరవై దాకా నిలబడతాయి. చకచకా చేసే వేగం మాత్రం ముందే తగ్గుతుంది. (ముప్పైల్లో ఉన్న కోడర్‌కి ఇది శుభవార్తేం కాదు.)

తర్వాత భార్య షెరీ విల్లిస్‌తో కలిసి, అరవై నాలుగు దాటినవాళ్ళకి ఐదు గంటల శిక్షణ ఇచ్చి చూశాడు. వెనకబడ్డవాళ్ళలో దాదాపు 40 శాతం పద్నాలుగేళ్ళ కిందటి స్థాయికి తిరిగొచ్చారు.

ఐదు గంటలు. గంట చొప్పున ఐదు ఆదివారాలు. నాన్నకి ఇవాళే ఫోన్ చేస్తున్నాను.